నాలుగో సినిమాలో మొగులయ్య

తాతారావు ఇంతవరకు మూడు సినిమాల్లో కనబడ్డాడు. మూడూ డెబ్బై ఒకటో సంవత్సరపు యుద్ధం మీద తీసిన డాక్యుమెంటరీలే. మొదటిదానిలో అరగంట మాట్లాడితే రెండు నిమిషాలు ఉంచారు. రెండోదానిలో రెండు గంటలు మాట్లాడితే నిమిషమున్నర. మూడోదానిలో ఆయన గొంతు వినిపిస్తుండగా తెర మీద విమానాలు ఎగిరాయి. అయినా అబిడ్స్‌లో ఆయనను గుర్తుపట్టేవాళ్ళు కొందరు తయారయ్యారు. చిరాగ్ అలీ లేన్ మొదట్లో ఉన్న కళ్ళద్దాల దుకాణదారు "సలాం, కెప్టెన్ సాబ్" అంటాడు. తాతారావు కెప్టెన్ కాదు. సైన్యంలో వంతెనలు వేసే దళంలో నాయక్‌గా పనిచేసి దిగిపోయి, తరువాత పదహారేళ్ళు గన్‌ఫౌండ్రీలో ఒక బ్యాంకు గుమ్మం దగ్గర తుపాకీ పట్టుకుని నిలబడినవాడు. మొదట్లో ఆ దుకాణదారును సరిదిద్దేవాడు. ఇప్పుడు ఊరుకుంటున్నాడు.

మూడు సినిమాలవాళ్ళకూ ఆయన ఒక పేరు చెప్పాడు. మూడింటిలోనూ ఆ పేరు లేదు.

ఆ పేరు మొగులయ్య. దేవరకొండ వైపు మనిషి. ఆ డిసెంబరులో, తూర్పు సరిహద్దుకు అవతల, ఒక నదిని దాటే వేళ పోయాడు. పోయాడన్నది తాతారావు మాట. కాగితంలో మాత్రం 'కనబడలేదు' అని రాసి ఉంది. శవం దొరకలేదు, చూశానని చెప్పినవాడు లేడు. అందువల్ల దళంవాళ్ళు నిలిపిన స్మారక శిల మీద ఆ పేరు చెక్కలేదు. మొగులయ్య భార్య పూలమ్మకు అప్పుడు పద్దెనిమిదేళ్ళు. వాళ్ళు కాపురం చేసింది తొమ్మిది వారాలు. మొగుడు యుద్ధంలోంచి పారిపోయి, అవతలి దేశంలో ఇంకో పెళ్ళి చేసుకుని ఉండిపోయాడని ఊళ్ళో అన్నారు. ఆ మాటలు పడలేక ఆమె నగరానికి వచ్చి, నాంపల్లిలో ఒక దర్జీ దుకాణం అరుగు మీద కూర్చుని, చొక్కాలకు కాజాలు కుట్టి, గుండీలు వేసి బతికింది. డెబ్బై దాటిన ఈనాటికీ అక్కడే కూర్చుంటుంది. కాళ్ళకు మట్టెలు ఈనాటికీ ఉన్నాయి. వాటిని తీసెయ్యమని చెప్పడానికి ఎవరి దగ్గరా రుజువు లేదు.

తాతారావు నెలకోసారి పండ్లు పట్టుకుని ఆమె దగ్గరకు వెళ్ళేవాడు. ఒక్కో సినిమా విడుదల అయిన తరువాత ఆమెకు ఒకే మాట చెప్పేవాడు.

"ఈసారీ కోసేశారు పూలమ్మా. కానీ ఒకటి చెప్పాలి. నేను మొగులయ్య పేరు చెప్పి ముగించగానే ఆ గదిలో ఉన్న వాళ్ళందరూ ఒక్క నిమిషం మౌనం పాటించారు. లైట్లు పట్టుకున్నవాళ్ళు కూడా కదల్లేదు."

పూలమ్మ సూది ఆపి తాతారావు వైపు చూసేది. "గంత మంది ఆగిన్రా ఆయన కోసం?"

"అందరూ ఆగారు."

మూడుసార్లూ ఆమె అదే అడిగింది. మూడుసార్లూ కొంగుతో కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ సూది అందుకుంది. శిల మీద లేని పేరు కోసం ఎక్కడో కొందరు చదువుకున్నవాళ్ళు ఒక నిమిషం నోరు మూసుకుని నిలిచారన్న సంగతి ఆమెకు కొన్నాళ్ళకు సరిపోయేది.

నాలుగో సినిమావాళ్ళు ఆశ్వయుజంలో, ఒక మంగళవారం ఉదయం వచ్చారు. తాతారావు భార్య కమలకుమారి ముందురోజే ఆయన నీలం కోటు ఇస్త్రీ చేసి, పతకాలను చింతపండుతో తోమి ఉంచింది.

"ఈసారైనా మీ మొహం చూపిస్తారా, మళ్ళీ విమానాలేనా?" అంది కోటు అందిస్తూ.

"నా మొహం ఏం చేసుకుంటారు? ఆ పేరు ఒక్కటి ఉంటే చాలు."

"తెలుసు లెండి. ఆయన పేరు తలచుకున్నన్నిసార్లు నా పేరు తలచుకుని ఉంటే, ఈపాటికి నా విగ్రహం లేచేది."

దర్శకురాలి పేరు ప్రణవి. ముప్పై ఏళ్ళుంటాయి. ఇంట్లోకి వస్తూనే చెప్పులు విప్పి, కమలకుమారిని ఆంటీ అని పిలిచి, ఫ్యాను ఆపించింది. శబ్దం రికార్డు చేసే నరేశ్ చెవులకు పెద్ద హెడ్‌ఫోన్లు తగిలించుకుని గది నాలుగు మూలలా చెవి ఒగ్గి విన్నాడు.

"ఆంటీ, జర ఫ్రిజ్ బంద్ చేస్తరా? గుర్రుమంటున్నది."

"పాలు విరిగితే అది కూడా మీ సినిమాలో చూపిస్తావా బాబూ?"

"గంటల ఏం కాదాంటీ."

"విరగదలుచుకుంటే గంట చాలు," అంటూనే ఆమె వెళ్ళి స్విచ్చి కట్టేసింది.

తాతారావు కుర్చీలో నిటారుగా కూర్చుని చెప్పాడు. చెప్పి చెప్పి ఆ కథ నునుపు తేలింది. నాలుగు రోజుల నడక, నది, అవతలి ఒడ్డున శత్రువు, పొగమంచు, మంచు మాటున తమ దళం పడవలు వరుసగా కట్టి వేసిన వంతెన, దాని మీదుగా దాటిన బండ్లు, చివరకు విజయం. ప్రియమైనదాన్ని చివరకు దాచుకోవడం ఆయన పద్ధతి. అంతా అయ్యాక గొంతు తగ్గించి, "ఆ నది దగ్గరే నా మిత్రుడు మొగులయ్య వీరమరణం పొందాడు. ఆయన త్యాగాన్ని ఈ దేశం మరువరాదు," అని ముగించాడు.

"చాలా బాగా వచ్చింది సార్," అంది ప్రణవి. "ఇప్పుడు ఒక్క నిమిషం ఎవరూ మాట్లాడకండి, కదలకండి."

ఈ నిమిషం కోసమే ఎదురుచూస్తున్న తాతారావు లేచి, మడమలు కలిపి, చేతులు రెండు పక్కలా ఒంటికి ఆనించి నిలబడ్డాడు. కుర్చీ కిర్రుమంది. పతకాలు ఒకదానికొకటి తగిలాయి.

నరేశ్ ఉలిక్కిపడ్డాడు. "సార్, కూసోండ్రి. మెడల్స్ సప్పుడు పడుతున్నది."

"కూర్చుని ఎలాగయ్యా? నిలబడాలి కదా ఆయన కోసం."

"ఎవరి కోసం సార్?"

ప్రణవికి అర్థమయింది. ఆపబోయింది గాని నరేశ్ అప్పటికే ఉత్సాహంగా వివరిస్తున్నాడు. "గిది గది సప్పుడు పట్టుడు సార్. ఎవ్వరు మాట్లాడకున్నా ఒక్కో గదికి ఒక్కో తీరు సప్పుడుంటది. అది ఒక నిమిషం పట్టుకుంటే, రేపు ఎడిటింగ్‌ల మీ మాటలు యాడ కోస్తే ఆడ కింద పరుస్తం. అతుకు తెల్వది."

"ప్రతి సినిమాకూ ఇలాగే చేస్తారా?"

"ప్రతిదానికి సార్. పెండ్లి వీడియోలకు తప్ప."

తాతారావు మెల్లగా కూర్చున్నాడు. అంటే ఆ మూడు నిమిషాల్లో ఏ ఒక్కటీ మొగులయ్యది కాదు. పైగా ఆ పేరును కోసిన చోట, కోసినట్టు ఎవరికీ తెలియకుండా పరచింది ఆ నిమిషాన్నే. తాను వాటిని నాంపల్లి దాకా మోసుకుపోయి, ఒక ఆడదాని ఒడిలో ప్రసాదంలా పెట్టి వచ్చాడు.

తలెత్తి ప్రణవిని అడిగాడు. "అమ్మా, నిజం చెప్పు. ఈసారైనా ఆ పేరు ఉంటుందా?"

ప్రణవి అబద్ధం చెప్పే మనిషి కాదు. "మాట ఇవ్వలేను సార్. యాభై నిమిషాల సినిమా. మీలాంటి పెద్దవాళ్ళు తొమ్మిదిమంది మాట్లాడుతున్నారు. చివరికి వచ్చేసరికి తొమ్మిదిమందీ అదే అంటారు. ఒక మిత్రుడు, వీరమరణం, త్యాగం. మీ వంతెన తప్పకుండా ఉంటుంది. దానిలో ఏదో జరుగుతోంది. ఆయన గురించి చెప్పినదానిలో ఏమీ జరగలేదు సార్. ఇంతకీ ఆ రోజు ఆయన ఏం చేశారు?"

"పొగమంచు," అన్నాడు తాతారావు. "ఏమీ కనబడలేదు."

అన్న తరువాత తన గొంతు తానే విన్నాడు. యాభై నాలుగేళ్ళ క్రితం, విచారణకు వచ్చిన అధికారి ముందు అక్షరం తేడా లేకుండా అదే మాట అన్నాడు.

"ఎల్లుండి మళ్ళీ వస్తాం సార్, మీ చేతులూ, పాత ఫొటోలూ కెమెరాలో తీసుకోవడానికి," అంది ప్రణవి వైర్లు చుడుతూ. "ఏమైనా గుర్తొస్తే అప్పుడు చెప్పండి."

ఆ సాయంత్రం ఆయన నాంపల్లికి బయలుదేరాడు. తిన్నగా వెళితే పావుగంట నడక. ఆయన తిన్నగా వెళ్ళలేదు. మొజంజాహీ మార్కెట్ దాకా పోయి, ఐస్‌క్రీం దుకాణాల ముందు కుర్చీల్లో కూర్చున్న కుటుంబాలను చూస్తూ నిలబడి, అలవాటు ప్రకారం సీతాఫలాల బేరం చేసి, కొనకుండా వెనుదిరిగాడు. ఆమె దగ్గరకు వట్టి చేతులతో వెళ్ళడం అదే మొదటిసారి.

పూలమ్మ అరుగు మీద తెల్ల చొక్కా ఒళ్ళో వేసుకుని ఉంది. "రా అన్నా. ఇయ్యాలనే కద నీ సినిమ? చెప్పినవా పేరు? ఆగిన్రా?"

"ఆగారు." తాతారావు మెట్టు మీద కూర్చున్నాడు. "ఆయన కోసం కాదు పూలమ్మా."

గది శబ్దం గురించి నరేశ్ చెప్పినదంతా చెప్పాడు. ఆమె విన్నది. దారం పంటితో తెంపింది.

"అంటే మూడుసార్లు గంతేనా?"

"అంతే. నేను తప్పుగా అర్థం చేసుకుని నీకూ తప్పు చెప్పాను."

ఆమె కోపగించుకుంటుందని అనుకున్నాడు. ఆమె నవ్వింది. "పోనియ్. సప్పుడు చేయకుంట కూసుంటె ఆయనకేమొస్తది? ఆయనకు నోరు మూసుకునుడే తెల్వదు. పెండ్లి పీటల మీద కూడ మా మేనమామతోని కొట్లాటనే. మా బావి పన్నెండు గజాలని ఆయన, పదే అని మామ. బాసింగం తీసి పక్కకు పెట్టి పెండ్లి బట్టల మీదనే దుంకిండు. పంతులు మంత్రాలాపి బావి గడ్డ మీద కూసున్నడు."

"ఎన్ని గజాలు తేలింది?"

"ఎవనికెరుక? అడుగు మట్టి తెచ్చి మామ చేతిల పెట్టిండు, గెలిచిన అన్నడు." కొద్దిసేపు ఆ బావి దగ్గరే ఉండిపోయినట్టుంది ఆమె. తరువాత అడిగింది. "మల్ల ఎందుకు కోస్తున్రన్నా ఆయన పేరు?"

"ఆయన ఏం చేశాడో నేను చెప్పడం లేదట."

"నీకు మాత్రం ఏమెరుక? మంచు కమ్ముకున్నదంటివి గద."

తాతారావు మొహం తిప్పుకున్నాడు. రోడ్డు మీద ఆటోలు స్టేషన్ వైపు పోతున్నాయి. ఆమె సూదిని చొక్కాకు గుచ్చి, చొక్కాను పక్కన పెట్టింది.

"అన్నా. ఎరికేనా నీకు?"

"ఎల్లుండి మా ఇంటికి రా పూలమ్మా. అక్కడ చెబుతాను."

"గీడ చెప్తే ఏమైతది?"

"ఒక్కసారే చెప్పగలను. రెండోసారి నావల్ల కాదు."

గురువారం నాడు ఆయన కోటు వేసుకోలేదు. కమలకుమారి అడిగితే, "దానితో పని లేదు," అన్నాడు. మామూలు చొక్కాతో కుర్చీలో కూర్చున్నాడు. పూలమ్మ మంచం అంచున, కమలకుమారి పక్కన కూర్చుంది. ఫ్యాను ఆగింది. ప్రణవి తల ఊపింది.

ఈసారి ఆయన మాటల్లో నునుపు లేదు.

"మొగులయ్యదీ నాదీ గుడారంలో పక్కపక్క పడకలు. నది దగ్గరకు చేరేసరికి తెల్లవారుతోంది. వంతెన వెయ్యాలంటే ముందు ఎవరైనా ఈదుకుంటూ పోయి అవతలి ఒడ్డున తాడు కట్టాలి. మా హవల్దారు నా కాగితంలో తూర్పు గోదావరి జిల్లా అని చదివాడు. గోదావరివాడికి ఈత రాకపోవడమేమిటని నన్ను చూపించాడు. నేను ఆరో ఏట మా నాన్నతో ఇక్కడికి వచ్చాను. అబిడ్స్‌లో పెరిగాను. నాకు తెలిసిన నీళ్ళు కుళాయి నీళ్ళే. రాదని చెప్పడానికి సిగ్గుపడ్డాను. తాడు నడుముకు కట్టుకుంటున్నాను. మొగులయ్యకు తెలుసు నాకు రాదని. మొగులయ్య వచ్చి ఆ తాడు విప్పుకున్నాడు. 'గోదారోడా, నువ్వు ఒడ్డు మీదనే మునుగుతవు, ఈ కొస పట్టుకో' అన్నాడు. నీళ్ళు లేని ఊరివాడు మొగులయ్య. మోటబావిలో నేర్చిన ఈత. అవతలి ఒడ్డున మొగులయ్య కట్టిన తాడు పట్టుకునే మా పడవలు కదిలాయి. మూడు సినిమాల్లో మీరు చూసిన వంతెన మొగులయ్య తాడు కట్టిన చెట్టుకే నిలబడింది."

ఆయన అరచేతులు తెరిచి చూసుకున్నాడు.

"రెండో తాడు కోసం మొగులయ్య మళ్ళీ ఇవతలికి ఈదుతుంటే కాల్పులు మొదలయ్యాయి. మంచు కమ్మిందని ఇన్నాళ్ళూ చెప్పాను. మంచు అప్పటికే విడిపోయింది. నలభై గజాల దూరంలో మొగులయ్య తల నాకు స్పష్టంగా కనబడుతోంది. అవతల కట్టిన తాడు కాక, అవసరమైతే వెనక్కి లాగడానికని మొగులయ్య నడుముకు కట్టుకున్న సన్న తాడు కొస నా చేతిలో ఉంది. బిగువుగా ఉన్నది ఒక్కసారిగా వదులైంది. తల లేదు. నేను లాగాను. ఉచ్చు ఖాళీగా వచ్చింది. మొగులయ్య నీళ్ళలోకి దిగిన చోట మేము ముగ్గురమే ఉన్నాం, హవల్దారు కూడా ఆ ఉదయమే పోయాడు. మరునాడు అధికారి అడిగాడు, నీళ్ళలోకి దిగినది ఎవరు, ఎవరి ఆజ్ఞ మీద దిగాడు అని. మొగులయ్య అని చెబితే, నీకు చెప్పిన పనికి అతడెందుకు పోయాడని అడుగుతారు. మంచు, ఏమీ కనబడలేదన్నాను. వాళ్ళు అదే రాసుకున్నారు."

ఎవరూ కదల్లేదు. కమలకుమారి చేయి తన నోటి మీద ఉంది. నలభై ఎనిమిదేళ్ళ కాపురంలో ఆమె కూడా ఈ మాట వినలేదు.

పూలమ్మ మంచం అంచు మీద నుంచి ముందుకు జరిగింది. "నువ్వు చూసిన అని ఒక్క మాట అంటే, నన్ను పారిపోయినోని పెండ్లామనేటోళ్ళా?"

"అనేవాళ్ళు కాదు."

"ప్రతి నెల వచ్చినవు. పండ్లు తెచ్చినవు. పండ్లు ఎవరడిగిన్రన్నా నిన్ను?"

కమలకుమారి టీ తెచ్చింది. పూలమ్మ ఆ గ్లాసు వైపు చూడలేదు. లేచి గుమ్మం దాకా వెళ్ళి, తలుపు పట్టుకుని నిలబడింది.

"ఊరోళ్ళు ఆయన ఆడ ఇంకో పెండ్లి చేసుకున్నడంటే నేను తిట్టిన గాని ఏడ్వలే. ఎందుకో ఎరికేనా? చేసుకుంటే చేసుకున్నడు, యాడనో బువ్వ తింటున్నడు కద అనుకున్న. ఆయనకు పిల్లలుంటరు, మనుమలుంటరు, ఈతకు తీస్కపోతడు అనుకున్న. గిన్నేండ్లు ఆయన నాకు బతికే ఉన్నడు. ఇయ్యాల పోయిండన్నా. మీ ఇంట్ల, గీ కుర్చీ ముందట."

చెప్పులు తొడుక్కుని మెట్లు దిగిపోయింది. నరేశ్ హెడ్‌ఫోన్లు తీసి మెడకు వేసుకుని, కిటికీ వైపు తిరిగి నిలబడ్డాడు.

తాతారావు ఆ మాటలన్నీ కాగితం మీద కూడా పెట్టాడు. ప్రణవి కంప్యూటరు మీద కొట్టి ఇచ్చింది. నది పేరు, తేదీ, దూరం, తాడు, తన అబద్ధం. 'కనబడలేదు' అన్న మాట కొట్టివేసి 'విధి నిర్వహణలో మరణించాడు' అని రాయవలసిందిగా, తన మీద ఏ చర్య తీసుకున్నా సమ్మతమేనని సంతకం చేసి, అబిడ్స్ పెద్ద పోస్టాఫీసులో సైన్యం రికార్డుల ఆఫీసుకు రిజిస్టరు చేశాడు. జవాబు రాలేదు. నెల తరువాత మళ్ళీ రాశాడు. ఆ నెలలోనే రెండుసార్లు నాంపల్లి వెళ్ళాడు. పూలమ్మ తలెత్తలేదు. అరుగు కింద చెప్పుల పక్కన ఆమె పాదాలు కనబడ్డాయి. మట్టెలు లేవు. అవి ఉండిన చోట వేళ్ళ చుట్టూ చర్మం లేతగా, పసిపిల్ల చర్మంలా ఉంది. మెట్టు మీద కాసేపు కూర్చుని, ఆమె చేత పొమ్మనిపించుకోకుండానే లేచి వచ్చాడు.

సినిమాను ఫాల్గుణంలో, నాంపల్లిలోనే ఒక చిన్న హాలులో, మధ్యాహ్నం పూట వేశారు. పూలమ్మ వస్తుందని తాతారావు అనుకోలేదు. నరేశ్ దుకాణానికి వెళ్ళి ఆటోలో తీసుకొచ్చాడు. ఆమె ఆ వరుసలోకే వచ్చి, తాతారావుకూ తనకూ మధ్య ఒక కుర్చీ ఖాళీగా వదిలి కూర్చుంది. కమలకుమారి ఆమెను పలకరించింది. ఆమె "ఆఁ, బాగున్న వదినె" అంది, తాతారావు వైపు చూడకుండా.

తొమ్మిదిమంది వృద్ధులు ఒకరి తరువాత ఒకరు తెర మీదకు వచ్చారు. తాతారావు వంతు వచ్చింది. ఒక మాట నుంచి ఇంకో మాటను విడదీయడం ఎడిటరుకు సాధ్యపడలేదు. వంతెన కావాలంటే తాడు ఉండాలి, తాడు ఉండాలంటే మొగులయ్య ఉండాలి. నాలుగు నిమిషాలు. ఆ చీకటి హాలులో, కొత్తవాళ్ళ మధ్య, ఆ పేరు మళ్ళీ మళ్ళీ వినిపించింది. పూలమ్మ పెదవులు తెర కన్నా ఒక్క క్షణం వెనుకగా ఆ పేరును పలుకుతున్నాయి. తొమ్మిది వారాల కాపురంలో మొగుణ్ణి పేరు పెట్టి పిలిచి ఉండదు.

తాతారావు గొంతు సాగుతుండగా తెర మీద పాత నలుపు తెలుపు దృశ్యాలు వేశారు. వరుసగా నడుస్తున్న సిపాయిలు. ఒకడు కెమెరా వైపు తిరిగి నవ్వాడు. పూలమ్మ ఖాళీ కుర్చీ మీదుగా వంగి తాతారావు చొక్కా చేతిని పట్టుకుంది.

"అన్నా, అన్నా. గా మూడోటోడు. టోపీ పక్కకు పెట్టిండు సూడు. ఆయననేనా?"

ఆమె దగ్గర మొగులయ్య ఫొటో ఒక్కటి కూడా లేదు. ఔనంటే చాలు. ఈ హాలులో కాదనగలిగినవాడు మరొకడు లేడు. ఆమె ఆ నవ్వును ఇంటికి పట్టుకుపోయి మిగిలిన రోజులన్నీ చూసుకుంటుంది. తాతారావుకు ఆ మాట నాలుక మీదకు వచ్చింది.

"కాదు పూలమ్మా," అన్నాడు. "కింద ఇసుక చూడు. అది ఎడారి వైపు యుద్ధం, మాది కాదు. ఆ మనిషి ఎవరో నాకు తెలియదు."

ఆమె చేయి వదలలేదు. తెర మీదే కళ్ళుంచి, "ఔ, కాదు," అంది మెల్లగా. "ఆయన నడుస్తుంటె ఎడమ భుజం ముందుకు పడేది. బస్సు ఎక్కేటప్పుడు ఎనుకకెల్లి సూసిన. గీయన భుజం సక్కగున్నది."

సిపాయిలు ఒక్కొక్కరే తెర అంచు దాటి పోతున్నారు. చివరివాడు పోయేదాకా పూలమ్మ ఒక్కొక్కరి భుజాన్నీ చూసింది.